సింహం తలకు చిల్లు, అంకెకు దండం

ఉప్పల్‌లో గజం జాగాకు మూడు రేట్లుంటాయి. అమ్మేవాడు చాయ్ హోటల్లో చెప్పే రేటు ఒకటి. సబ్ రిజిస్ట్రార్ ఆఫీసులో దస్తావేజు మీద పడే రేటు రెండోది. అదే జాగా కోసం అన్న మీద తమ్ముడు దావా వేస్తే, ప్లెయింట్ చివర్లో వాల్యుయేషన్ అనే చోట కనిపించే రేటు మూడోది. మొదటిది వింటే కళ్లు తిరుగుతాయి. మూడోది చదివితే జాలి కలుగుతుంది. పొద్దున చాయ్ తాగేటప్పుడు మెట్రో స్టేషన్‌కు దగ్గర, రింగ్ రోడ్డుకు కూతవేటు, కార్నర్ బిట్టు అనిపించుకున్న జాగా, సాయంత్రం వకీలు ఆఫీసు చేరేసరికి దారి లేనిదీ, నీళ్లు నిలిచేదీ, అడిగే దిక్కు లేనిదీ అయిపోతుంది.

మొదటి రేటు ఉత్త గప్పాలేమీ కాదు. 2021 డిసెంబరులో హెచ్‌ఎండీఏ ఉప్పల్ భగాయత్ ప్లాట్లను ఈ-వేలం వేస్తే గజం లక్ష రూపాయలు దాటి పలికింది. ఆ ఏడు జూలైలోనే సర్కారు తన పుస్తకంలోని మార్కెట్ విలువలు పెంచింది. 2022 ఫిబ్రవరిలో మళ్లీ పెంచింది. ఊళ్లో పెరిగింది, సర్కారు పుస్తకంలో పెరిగింది, దావా కాయితంలో మాత్రం పెరగలేదు. ఎందుకంటే అక్కడ విలువ పెరిగితే కోర్టు ఫీజు పెరుగుతుంది. కోట్ల ఆస్తి నాదని ప్రమాణం చేసి చెప్పే మనిషే, దాని విలువ దగ్గరికొచ్చేసరికి వినయంతో ఒంగిపోతాడు.

మన దగ్గర కోర్టు ఫీజుకు మూలం 1956 నాటి కోర్టు ఫీజులు, దావాల విలువల చట్టం. రాష్ట్రం విడిపోయాక పేరు ముందున్న ఆంధ్రప్రదేశ్ తీసేసి తెలంగాణ పెట్టుకున్నాం. లోపల సరుకు అదే. అంతకు ముందుది, 1870 నాటిది, ఇంకా మొహమాటం లేని చట్టం. స్టాంపును రద్దు చేయడమెలాగో అందులో రాసిపెట్టారు: బొమ్మలో తల ఉన్న చోట చిల్లు పొడవాలి, రూపాయల అంకెను మాత్రం ముట్టుకోకూడదు. అప్పట్లో ఆ తల విక్టోరియా రాణిది. ఇప్పుడు సింహాలది. ఎవరి తలైనా పోవచ్చు, అంకె మాత్రం చెక్కుచెదరకూడదు. కోర్టు ఫీజుల గురించి వచ్చిన వ్యాఖ్యానాల్లో ఇంతకంటే సూటిగా చెప్పింది నాకు కనబడలేదు. 1958లో సెతల్వాద్ గారి లా కమిషన్ తన 14వ నివేదికలో న్యాయాన్ని వెల కట్టి అమ్మడం సర్కారుకు తగదన్నట్టు రాసింది. నివేదికను భద్రంగా దాచుకున్నాం. ఫీజును అంతకంటే భద్రంగా వసూలు చేస్తున్నాం.

నాచారంలో ఒక తమ్ముడున్నాడనుకుందాం. తండ్రి పోతూ ఆరు వందల గజాలు వదిలి వెళ్లాడు. అన్న అందులో రేకుల గదులు వేసి, పారిశ్రామికవాడలో పనిచేసే వాళ్లకు కిరాయికిచ్చాడు. తమ్ముడికి పైసా రాలేదు. భాగం పంచమని వకీలు దగ్గరికి పోయాడు.

“జాగా నీ స్వాధీనంల ఉన్నదా?”

“ఏడున్నది సార్! మా అన్న గేటుకు తాళమేసి పదేండ్లాయె. దగ్గరికి పోతే కుక్కను ఇడుస్తుండు.”

“అట్ల చెప్పకు. ఉమ్మడి స్వాధీనంల ఉన్నవని రాస్తా.”

“రాస్తే కుక్క ఊకుంటదా సార్?”

“కుక్క సంగతి నాకు తెల్వది. ఫీజు రెండు వందలతోని పోతది.”

ఇందులో మోసమేమీ లేదు. ఆ చట్టంలో సెక్షన్ 34 భాగ పంపిణీ దావాలకు రెండు దార్లు చూపించింది. ఆస్తి ఉమ్మడి స్వాధీనంలోనే ఉందని వాది చెప్పుకుంటే, వాటా విలువ పది వేలు దాటాక ఎంతైనా కానీ, ఫీజు రెండు వందల రూపాయలు. నన్ను బయటికి గెంటేశారని చెప్పుకుంటే, వాటా మార్కెట్ విలువలో ముప్పాతిక మీద లెక్క. కోటి రూపాయల వాటా అయితే డెబ్బై అయిదు లక్షల మీదన్నమాట. అంటే అన్న గెంటకపోతే రెండు వందలు, గెంటితే వేలకు వేలు. అన్యాయం ఎంత ముదిరితే దాన్ని చెప్పుకోవడానికి అంత ఖర్చు. పైగా ఉమ్మడి ఆస్తిలో ఒకరి స్వాధీనం అందరి స్వాధీనమే అన్నది పాత న్యాయసూత్రమే కాబట్టి వకీలు సాబ్‌ను తప్పుపట్టలేం. ఆ సూత్రం చదవనిది కుక్క ఒక్కటే.

తమ్ముడు మాత్రం కుక్కను వదల్లేదు. “సార్, అది రాయకపోతే జడ్జి సాబ్‌కు నా బాధ ఎట్ల తెలుస్తది?” అని పట్టుబట్టి ఆరో పేరాలో కుక్కను ఎక్కించాడు. గేటు, తాళం, ఫలానా నెలలో పిక్క మీద కరిచిన కాటు, వేయించుకున్న సూదులు, అన్నీ వివరంగా. వకీలు తల పట్టుకున్నాడు. ఆరో పేరాలో కుక్క కరిచింది, పన్నెండో పేరాలో వాది ఉమ్మడి స్వాధీనంలో సుఖంగా ఉన్నాడు.

కోర్టు ఆఫీసులో కాయితం చదివేవాళ్లు కథలు చదవరు, పేరాలు చదువుతారు. ప్లెయింట్‌కు మొదట పడేది దావా నంబరు కాదు, ఎస్.ఆర్. నంబరు. పేరు పెట్టే దాకా బిడ్డకు ఆసుపత్రి వాళ్లు కట్టే చీటీ లాంటిది. దానికో చెక్ స్లిప్ తగిలించి, ఎర్ర ఇంకుతో అభ్యంతరాలు రాసి, దారంతో కట్టి తిప్పి పంపుతారు: జాబితా సంతకం లేదు, మార్కెట్ విలువ సర్టిఫికెట్ లేదు, ఆరో పేరా ప్రకారం వాది స్వాధీనంలో లేడు, కావున సెక్షన్ 34లో రెండో దారిన ఫీజు చెల్లించి వారంలోగా మళ్లీ సమర్పించవలెను. కుక్క కాటుకు వేసుకున్న సూదులు చవక. ఆ కాటును పేరాలో రాసినందుకు పడ్డ ఫీజు వేలల్లో తేలింది.

తమ్ముడి దగ్గర అన్ని పైసలు లేవు. వకీలు గడువు అడిగాడు, ఇచ్చారు. మళ్లీ అడిగాడు, మళ్లీ ఇచ్చారు. ఇంతలో వేసవి సెలవులు. సెలవుల్లో గుమస్తా కట్టలు సర్దుతూ ఈ కట్టను తీర్పులైపోయిన కేసుల అలమరాలో పెట్టాడు. కోర్టులు తెరిచిన తర్వాత ఓ రోజు డాకెట్ మీద ఒక్క వాక్యం పడింది: కోర్టు ఫీజు చెల్లించనందున ప్లెయింట్ తిరస్కరించడమైనది. సివిల్ ప్రొసీజర్ కోడ్, ఆర్డర్ 7, రూల్ 11. ప్లెయింట్ అరవై పేజీలు. దాన్ని పోగొట్టడానికి ఒక్క వాక్యం చాలింది.

“భూమి పోయినట్టేనా సార్?”

“భూమి పోలే, కాయితం పోయింది.”

అసలు విద్య ఇక్కడి నుంచి మొదలవుతుంది. పోయిన దావాను లేపడానికి మన కోడ్‌లో ఉన్నన్ని దార్లు ఉప్పల్ రింగ్ రోడ్డుకు కూడా లేవు. తిరస్కరణ ఉత్తర్వును చట్టం డిక్రీగా లెక్కగడుతుంది కాబట్టి అప్పీలుకు పోవచ్చు. జిల్లా కోర్టుకైతే ముప్పై రోజులు. ఫీజు కట్టలేక పోయిన దావా కోసం వేసే ఆ అప్పీలుకూ ఫీజు ఉంటుంది. అది వద్దనుకుంటే రూల్ 13 ఉంది: అదే కారణం మీద కొత్త ప్లెయింట్ వేసుకోవచ్చు, తిరస్కరణ అడ్డు రాదు. అడ్డొచ్చేది లిమిటేషన్ చట్టం. తమ్ముడిది భాగ పంపిణీ కాబట్టి కొంత ఊపిరి ఉంది. అదే అగ్రిమెంటు అమలు చేయించమనే దావా అయితే మూడేళ్లే. అది ఈ సరికే ఎన్నిసార్లో అయిపోయి ఉండేది. ఇంకోటి, గడువు పొడిగించండి, ఫీజు తీసుకోండి, తిరస్కరణను వెనక్కి తీసుకోండి అని అదే కోర్టులో పిటిషన్ వేసుకోవడం. సెక్షన్లు 148, 149, 151. ఒక్కటి చాలదేమోనని మన వకీళ్లు మూడూ కలిపి రాస్తారు, ఏదో ఒకటి తగలకపోతుందా అని.

పిటిషన్‌కు అఫిడవిట్ కావాలి, అఫిడవిట్‌కు కారణం కావాలి. తెలుగు నేల మీద సివిల్ కోర్టు అఫిడవిట్లలో ప్రబలే వ్యాధి ఒక్కటే, పచ్చకామెర్లు. వాది గత మూడు నెలలుగా పచ్చకామెర్లతో బాధపడుతూ, ఊళ్లో పసరు మందు తీసుకుంటూ, మంచం మీదే ఉండిపోయినందున ఫీజు కట్టలేకపోయాడు తప్ప ఎలాంటి దురుద్దేశం లేదు. వైద్యశాఖ వాళ్లు మన కోర్టు రికార్డులు చూస్తే రాష్ట్రమంతటా అత్యవసర పరిస్థితి ప్రకటిస్తారు. నాచారంలో ఈఎస్ఐ ఆసుపత్రి ఉన్నా పసరు మందే వాడాలి, ఎందుకంటే పసరు వైద్యుడు డిశ్చార్జి చీటీ ఇవ్వడు. గుమస్తా కట్టను వేరే అలమరాలో పెట్టాడన్న అసలు నిజం రాద్దామంటే వకీలు ఒప్పుకోడు, అది నమ్మశక్యంగా ఉండదని.

ఈ కథలన్నిటికీ పైన సుప్రీంకోర్టు దయగల మాట ఒకటుంది. మహంత్ రామ్‌దాస్ అనే ఆయన పట్నా హైకోర్టులో అప్పీలు వేశాడు. తక్కువ పడిన కోర్టు ఫీజు కట్టడానికి ఇచ్చిన గడువు 1954 జూలై 8తో సరి. ఆ రోజే ఇంకొంత గడువు కావాలని దరఖాస్తు పెట్టుకున్నాడు. అది బెంచి ముందుకొచ్చింది 13న. గడువు 8నే అయిపోయింది గదా, అయిపోయినదాన్ని ఎలా పొడిగిస్తామన్నారు. దరఖాస్తు సకాలంలోనే వచ్చింది, ఆలస్యమైంది వినడం. అయినా అప్పీలు పోయింది మహంతుకే. 1961లో సుప్రీంకోర్టు దాన్ని సరిదిద్దింది. జస్టిస్ హిదాయతుల్లా ఇలాంటి కట్టడి ఉత్తర్వులు సోమరి కక్షిదారులను దారిలో పెట్టడానికే గానీ కోర్టు తన చేతులు తానే కట్టేసుకోవడానికి కాదన్నారు. ఫీజు డబ్బు మూటగట్టుకుని వేళకే బయల్దేరిన మనిషిని ముందు రోజు దొంగలు దోచుకుంటే, కోర్టు గడువు ఇవ్వలేనంటుందా అని ఉదాహరణ కూడా చెప్పారు.

ఆ దొంగల ఉదాహరణ తమ్ముడికి బాగా నచ్చింది. ఉప్పల్ నుంచి కుషాయిగూడ జిల్లా కోర్టుకు బయల్దేరితే ట్రాఫిక్‌లో ఇరుక్కున్నానని రాయొచ్చు గదా అన్నాడు. వకీలు ఒప్పుకోలేదు. 1976 సవరణ వచ్చాక రూల్ 11 కింద గడువు పెంచాలంటే అసాధారణమైన కారణం ఉండాలి. ఉప్పల్‌లో ట్రాఫిక్ అసాధారణమని ఏ జడ్జి నమ్ముతాడు? నారపల్లి దాకా ఫ్లైఓవర్ 2018లో మొదలుపెట్టారు. స్తంభాలు చూస్తూ పిల్లలు స్కూలు చదువులు ముగించుకున్నారు. రోడ్డు ఖాళీగా ఉండటం వల్ల ముందే చేరి తికమక పడ్డానంటే అప్పుడు అసాధారణం కింద లెక్కకొస్తుందేమో. తర్వాత సెక్షన్ 148లో గడువు మొత్తం ముప్పై రోజులు దాటకూడదని ఇంకో మేకు దిగింది. 2005లో సుప్రీంకోర్టు దాన్నీ కొంచెం సడలించి, మనిషి చేతిలో లేని కారణమైతే ముప్పైతోనే ఆగనక్కర్లేదంది. మేకు దిగగొట్టేది ఒకరు, పీకేది ఇంకొకరు. మధ్యలో గోడ మీద చిల్లులు మాత్రం మిగిలాయి.

అన్నిటికంటే నాకు ముచ్చటగా తోచేది సెక్షన్ 149. కోర్టు సరేనని తర్వాత ఎప్పుడో ఫీజు కట్టనిస్తే, అది మొదటి రోజే కట్టినట్టు లెక్క. ఈ ఏడు స్టాంపు అంటిస్తే ఆ దావా వేసిన ఏటి నుంచీ బతికే ఉన్నట్టు. మనిషి వయసు విషయంలో ఎవరికీ దొరకని సౌకర్యం దావాకు దొరికింది. అయితే ఇది హక్కు కాదు, కోర్టు దయ. చిత్తశుద్ధి చూపించాలని 1995లో బూటా సింగ్ కేసులో సుప్రీంకోర్టు గుర్తుచేసింది. పసరు మందు చిత్తశుద్ధి కిందకు వస్తుందో రాదో ఆ రోజు జడ్జి గారి మనసు మీద ఉంటుంది.

ఇప్పటి దాకా అన్న కథలోకి రాలేదు. పిటిషన్ నోటీసు అందగానే వచ్చాడు. వచ్చింది తమ్ముడి మీద కోపంతో కాదట, సర్కారు ఖజానా మీద ప్రేమతోనట. రేకుల గదులకు ఇంటి పన్ను ఏనాడూ సరిగా కట్టని మనిషి, కోర్టులో నిలబడి, “ప్రభుత్వానికి రావాల్సిన రాబడికి గండి పడుతున్నది సార్” అని కౌంటరు వేశాడు. అదే 1961లో రత్నవర్మరాజ కేసులో సుప్రీంకోర్టు ఇలాంటి అన్నలకే చెప్పింది: కోర్టు ఫీజు వాదికీ ప్రభుత్వానికీ మధ్య సంగతి, ప్రతివాది చేతికి విచారణను అడ్డుకునే ఆయుధంగా ఇచ్చింది కాదు. చెప్పి అరవై ఏళ్లు దాటింది. అన్న వకీలు ఆ తీర్పు చదివే ఉంటాడు. అందుకే కౌంటరులో ఫీజు మాట తగ్గించి పరిధి మాట పెంచాడు: వాల్యుయేషన్ తప్పయితే ఈ కోర్టుకు విచారించే అధికారమే లేదు, అది మాకు సంబంధించిన ప్రశ్నే కదా అని. ఖజానా మీది ప్రేమ ఆ విధంగా కొత్త చొక్కా వేసుకుంది. ఆ కౌంటరు రాసిన ఫీజు ఎక్కడిదంటారా? రేకుల గదుల కిరాయి. అందులో సగం తమ్ముడిదే. తన మీద వేసే కౌంటరుకు సగం ఖర్చు తమ్ముడే పెట్టుకుంటున్నాడన్నమాట. దానికి మాత్రం స్వాధీనం ఉమ్మడిదే.

డబ్బు లేనివాడికి ఇంకో తలుపు ఉందిగా అంటారు. ఉంది, ఆర్డర్ 33. ఫీజు కట్టే తాహతు లేదని రుజువు చేసుకుంటే ఫీజు లేకుండానే దావా వేయొచ్చు. గొడవలో ఉన్న ఆస్తిని ఆ లెక్కలో చూడరు, అది న్యాయమే. కానీ లేనితనాన్ని రుజువు చేయడం ఉన్నతనాన్ని రుజువు చేయడమంత తేలిక కాదు. సర్కారు ప్లీడరుకు నోటీసు పోవాలి, విచారణ జరగాలి. అన్న వచ్చి తమ్ముడి బండి ఏ మోడలో, చేతిలో ఫోను ఎన్ని వేలదో, కూతురి పెళ్లిలో ఎన్ని కూరలు పెట్టాడో సాక్ష్యం చెబుతాడు. ఆ కూరలు తిన్నది తానే కదా, లెక్క పక్కాగా ఉంటుంది. విచిత్రమేమంటే 2001లో యూనియన్ బ్యాంకు వర్సెస్ ఖాదర్ ఇంటర్నేషనల్ కన్‌స్ట్రక్షన్ కేసులో కంపెనీ కూడా బీద కక్షిదారు కావచ్చని సుప్రీంకోర్టు తేల్చింది. తమ్ముడు ముందే ప్రైవేట్ లిమిటెడ్ పెట్టుకుని ఉంటే బీదరికం కొంచెం గౌరవంగా ఉండేది.

తమ్ముడు పారిశ్రామికవాడలో ఓ కంపెనీలో మిషన్ నడుపుతాడు. ఈ ముక్క ఇంతసేపూ ఎవరూ అడగలేదు. 1987 నాటి లీగల్ సర్వీసెస్ అథారిటీస్ చట్టం సెక్షన్ 12 ఉచిత న్యాయసహాయానికి అర్హుల పట్టీ ఇచ్చింది. ఎస్సీ, ఎస్టీలు, స్త్రీలు, పిల్లలు, వికలాంగులు, కస్టడీలో ఉన్నవాళ్లు, వాళ్లతో పాటు పారిశ్రామిక కార్మికుడు. వీళ్లకు ఆదాయం పట్టింపు లేదు. ఉచిత సహాయమంటే వకీలు ఒక్కడే కాదు, కోర్టు ఫీజు, ప్రాసెస్ ఫీజు కూడా. నాచారం, మల్లాపూర్ షెడ్లలో షిఫ్టుకు పోయే ప్రతి మనిషికీ ఈ హక్కు ఉంది. ఈ సంగతి కోర్టు ఆవరణలో బోర్డు మీద రాసి ఉంటుంది. ఆ బోర్డు దాకా చేరినవాడు అప్పటికే ఫీజు కోసం అప్పు చేసి ఉంటాడు. తమ్ముడు మిత్తికి తెచ్చాడు. కోర్టు ఫీజు కోసం చట్టం ఆగుతుంది గానీ, మిత్తి ఆగదు.

మొత్తానికి పిటిషన్ అలవ్ అయింది. కామెర్లను నమ్మారు, ఖజానా ప్రేమికుణ్ణి నమ్మలేదు. స్టాంపులకు చిల్లులు పడ్డాయి, అంకెలు మిగిలాయి. ఎస్.ఆర్. పోయి ఓ.ఎస్. నంబరు వచ్చింది. తమ్ముడు నాచారం చౌరస్తాలో స్వీట్లు పంచాడు. ఒకసారి నంబరు పడితే దావా ఎన్నాళ్లు బతుకుతుందో అతనికి ఎవరూ చెప్పలేదు. పాయిగా భూముల పంపకానికి మన హైకోర్టులో నంబరైన సి.ఎస్. 14, 1958 నాటిది. 1963లో ప్రాథమిక డిక్రీ పడింది, 2023లో కూడా సుప్రీంకోర్టు కూర్చుని దాని మీద తీర్పు రాయాల్సి వచ్చింది.

వాయిదా రోజు వచ్చింది. కేసు పిలిచారు. అన్న రాలేదు. సమన్లు అందలేదని రికార్డు. ఎందుకందలేదని జడ్జి గారు అడిగారు.

“బత్తా కట్టలే సార్” అన్నాడు బెంచి గుమస్తా.

తమ్ముడు వకీలు వైపు చూశాడు. వకీలు తన గుమస్తా వైపు చూశాడు. ఇంకా ఏం ఫీజు సార్, మిత్తికి తెచ్చి కట్టినం గదా అని తమ్ముడు గొణిగాడు. అది వేరు, ఇది సమన్లు పట్టుకుపోయే ఖర్చు అని చెప్పారు. బత్తా కట్టకపోవడం వల్ల సమన్లు అందకపోతే ఆర్డర్ 9, రూల్ 2 కింద దావాను కొట్టేయొచ్చు. కొట్టేశారు. దాన్ని లేపడానికి రూల్ 4 ఉంది, పిటిషన్ వేసుకోవాలి. అఫిడవిట్‌లో ఈసారి టైఫాయిడ్ రాద్దామని వకీలు అన్నాడు.